‘అమేజింగ్ గ్రేస్’ బాణీ మూలం గురించి తెలిసినవారి సహాయం కోరుతున్నాను

నమస్కారం. ‘అమేజింగ్ గ్రేస్’ అనే ఆంగ్ల క్రైస్తవ కీర్తనకు నేడు మనం వింటున్న బాణీ ఎక్కడ పుట్టిందో తెలుసుకోవాలని ఎంతో కాలంగా ఆశిస్తున్నాను. ఒకప్పుడు బానిసలను తరలించే ఓడలకు కెప్టెన్‌గా పనిచేసి, తరువాత ఇంగ్లండులోని ఓల్నీలో మతగురువైన జాన్ న్యూటన్, 1773 జనవరి 1 నాటి ప్రసంగం కోసం ఈ సాహిత్యాన్ని రాశాడని, అది 1779లో ‘ఓల్నీ హిమ్స్’ సంపుటిలో స్వరాలు లేకుండా అచ్చయిందని చదివాను. దీన్ని, నేడు మనం వింటున్న ‘న్యూ బ్రిటన్’ అనే బాణీతో జతచేసి ప్రచురించినవాడు విలియం వాకర్. అదీ అమెరికాలో, 1835లో, అంటే న్యూటన్ మరణించిన 28 ఏళ్లకు. అంతకుముందే, 1829 నాటి ‘కొలంబియన్ హార్మొనీ’ అనే పాటల పుస్తకంలో ఈ బాణీ ‘గల్లహర్’, ‘సెయింట్ మేరీ’ అనే పేర్లతో రెండు రూపాల్లో కనిపిస్తుంది. ఐదు స్వరాలతోనే సాగే ఈ వరుసలో మన మోహన రాగపు స్వరాలే ఉండటం వల్ల, విన్న ప్రతిసారీ నాకు అది సొంత ఊరి పాటలాగే తోస్తుంది.

1829కి ముందే ఈ బాణీ ఉన్నట్టు చూపే రాతప్రతి గానీ ముద్రిత పుస్తకం గానీ ఏదైనా ఉందా? ఇది స్కాట్లండు జానపద గీతాల నుంచి వచ్చిందనే మాటకు, వినికిడిలో పోలిక కాకుండా, లిఖితపూర్వకమైన ఆధారం ఎవరైనా చూపారా? అమెరికా దక్షిణ రాష్ట్రాల షేప్ నోట్ (స్వరాలను వేర్వేరు ఆకారాల గుర్తులతో రాసే) సంగీతాన్ని అధ్యయనం చేసినవారు దయచేసి వివరంగా తెలియజేయగలరు.