గ్రేట్ హిమాలయన్ నేషనల్ పార్కులో ఒక్కరోజు నడక: గైడు, దారి

ప్రశ్న: హిమాచల్ ప్రదేశ్‌లోని కులు జిల్లాలో ఉన్న ఈ పార్కును, రాత్రి బస చేయకుండా, అడవికి హాని కలగని పద్ధతిలో చూసి రావాలని మా కుటుంబం అనుకుంటోంది. మా అమ్మగారికి 60 ఏళ్లు దాటాయి. ఏ దారి అనువుగా ఉంటుంది? స్థానిక గైడును పెట్టుకోవడం మేలా?

సమాధానం 1: గుషైనీ గ్రామం నుంచి తీర్థన్ నది వెంట రోలా వైపు సాగే దారిని ఎంచుకోండి. అందులో ఎక్కువ భాగం పార్కును ఆనుకొని, గ్రామాలతో కూడిన ఎకోజోన్‌లోనే ఉంటుంది. హద్దు దాటి పార్కు లోపలికి వెళ్లాలంటే మాత్రం ముందుగా అనుమతి తీసుకోవాలి. అమ్మగారు అలసిపోతే అక్కడి నుంచే వెనుదిరగండి, చివరి వరకూ చేరాలన్న పట్టుదల వద్దు.

సమాధానం 2: గైడు విషయంలో నా అభిప్రాయం గట్టిది: తీర్థన్ లోయవారినే పెట్టుకోండి. 1999లో దీన్ని జాతీయ ఉద్యానవనంగా ప్రకటించినప్పుడు పశువుల మేపు, మూలికల సేకరణ వంటి జీవనాధారాలను కోల్పోయినవారు వారే కాబట్టి, మీరిచ్చే రుసుము వారికే చేరడం న్యాయం. పైగా, అక్కడివారు జుజురాణా అని పిలిచే అరుదైన అడవి కోడిజాతి పక్షి జాడను గుర్తుపట్టి, దానిని బెదరగొట్టకుండా మిమ్మల్ని దూరంగా నిలపగలిగేది అలాంటి అనుభవజ్ఞులే. 2014లో ఈ పార్కుకు యునెస్కో ప్రపంచ వారసత్వ జాబితాలో చోటు దక్కింది కూడా ఈ జీవవైవిధ్యం వల్లనే.

సమాధానం 3: వర్షాకాలంలో కొండచరియలు విరిగిపడతాయి కనుక ఆ నెలల్లో వెళ్లవద్దు. చెత్తంతా వెనక్కి తెచ్చుకోండి. మలుపుల దగ్గర అడ్డదారి తొక్కితే వాలులోని మట్టి కోసుకుపోతుంది. దయచేసి బాట వదలకండి.