రోజీ ఎకిల్స్: వేల్స్ తరఫునా, బ్రిటన్ తరఫునా? 70 నుంచి 66కి ఎందుకు దిగింది?

తిరుచానూరు_బెల్: ఎస్వీయూ మైదానంలో సాధన చేసే అమ్మాయిల కోసం నోటీసు బోర్డుకి ఒక పేజీ రాస్తున్నా. 2022 బర్మింగ్‌హామ్ కామన్వెల్త్ క్రీడల క్వార్టర్స్‌లో మన దేశం బాక్సర్ లవ్లీనాను 3-2తో ఓడించిన వేల్స్ బాక్సర్ రోజీ ఎకిల్స్ గురించి. మూడు చోట్ల ఆగిపోయినా.
కామన్వెల్త్‌లో వేల్స్ అని ఉండాది, పారిస్ ఒలింపిక్స్‌లో గ్రేట్ బ్రిటన్ అని ఉండాది, ఏది రాయాల? ఒకచోట 69, ఇంకోచోట 70, మరోచోట 66 కిలోలు, ఇందులో తప్పేది? 3-2 అంటే మూడు రౌండ్లు గెలిచి రెండు ఓడినట్టా? మా దగ్గర 68.4 కిలోల అమ్మాయి ఒకామె ఇవే అడుగుతా ఉంది.

అలిపిరి_కార్నర్: సామీ, ముందు జెర్సీ సంగతి. కామన్వెల్త్ క్రీడల్లో, ప్రపంచ పోటీల్లో వేల్స్ వేరే జట్టు. ఒలింపిక్స్‌కీ యూరోపియన్ గేమ్స్‌కీ మాత్రం బ్రిటన్ మొత్తానికీ ఒకటే జట్టు, సాధన షెఫీల్డ్‌లో. ఇక్కడే మెలిక. 2018 గోల్డ్ కోస్ట్ ఫైనల్లో ఎకిల్స్ ఇంగ్లండ్ అమ్మాయి శాండీ ర్యాన్ చేతిలో ఓడి వెండితో సరిపెట్టుకుంది. అక్కడ ఇద్దరూ ప్రత్యర్థులు, కానీ ఒలింపిక్ బెర్తు దగ్గరికొస్తే ఒక బరువుకి బ్రిటన్ నుంచి ఒక్కరే. వేల్స్ నుంచి ఇంకొకరు, ఇంగ్లండ్ నుంచి ఇంకొకరు అనడానికి లేదు.

బోర్డుపైన ఇట్లా రాయి: 2018 గోల్డ్ కోస్ట్ వెండి (వేల్స్, 69). 2022 బర్మింగ్‌హామ్ బంగారం (వేల్స్, 70), ఫైనల్లో ఆస్ట్రేలియా కే స్కాట్ మీద రెఫరీ ఆట ఆపేసినాడు. 2023 యూరోపియన్ గేమ్స్ వెండి (బ్రిటన్, 66), పారిస్ బెర్తు అక్కడే దొరికింది. 2024 పారిస్ (బ్రిటన్, 66), మొదటి బౌట్‌లోనే పోలండ్ అనేతా రిగెల్స్కా చేతిలో ఓటమి, అది కూడా 3-2తోనే.

చిత్తూరు_జాబ్: బరువుల్లో తప్పేమీ లేదు, మూడూ నిజమే. పోటీని బట్టి బరువు గీత (దాటకూడని హద్దు) మారుతుంది. టోక్యో ఒలింపిక్స్‌లో ఆడవాళ్ళకు 51, 57, 60, 69, 75 కిలోలు. పారిస్‌లో 50, 54, 57, 60, 66, 75. చూడండి, 66 దాటితే నేరుగా 75. 70 కిలోల మనిషి అక్కడ ఇంటికీ కాదు, గడపకీ కాదు. బర్మింగ్‌హామ్‌లో అదే 70లో తలపడిన ఇద్దరిలో ఎకిల్స్ 66కి దిగింది, లవ్లీనా 75కి ఎక్కింది. అక్కడ క్వార్టర్స్‌లో లవ్లీనా చైనా లీ చియాన్ చేతిలో ఓడింది. టోక్యో ఫైనల్లో 5-0తో లీ చియాన్‌ను ఓడించింది మళ్ళీ ఒక వేల్స్ బాక్సరే, లారెన్ ప్రైస్.

దిగడం సులువనుకునేరు. ప్రొఫెషనల్ బాక్సింగ్‌లో ముందురోజు తూకం వేస్తారు, రాత్రికి తిని కోలుకోవచ్చు. ఒలింపిక్స్ లాంటి ఈ పోటీల్లో బౌట్ ఉన్న ప్రతి రోజూ పొద్దున తూకమే. ఫైనల్‌దాకా పోతే అన్నిసార్లూ గీతలోపే ఉండాల. నీళ్ళు మానేసి, చెమట పట్టించే స్వెట్ సూట్ వేసుకుని చివరి రాత్రి రెండు కిలోలు పిండేస్తే ఒకరోజు నెగ్గుతారేమో. మూడో రౌండుకి కాళ్ళు కదలవు, చేతులు కిందికి జారిపోతాయి. 3-2 బౌట్లు పోయేది అక్కడే.

రేణిగుంట_రింగ్‌సైడ్: 3-2 అనేది రౌండ్ల లెక్క కాదన్నా, జడ్జీల లెక్క. ఐదుగురు జడ్జీలు, మూడు నిమిషాల రౌండ్లు మూడు. ప్రతి రౌండుకీ ప్రతి జడ్జీ గెలిచినామెకు 10, రెండో ఆమెకు మామూలుగా 9, బాగా తేలిపోతే 8 ఇస్తారు. చివర్లో ఎవరి కార్డు వాళ్ళదే.

ఎరుపు మూల అమ్మాయికి ఇద్దరు జడ్జీలు 30-27 ఇచ్చినారనుకో, మిగతా ముగ్గురు నీలం మూల అమ్మాయికి 29-28. అన్నీ కలిపితే ఎరుపుకి 144, నీలానికి 141. అయినా గెలిచేది నీలమే, 3-2. అందుకే ఇద్దరు జడ్జీల కళ్ళముందు చెలరేగిపోవడం కన్నా ఐదుగురికీ కనిపించేట్టు శుభ్రంగా కొట్టడం మేలు.

ఇంకోటి. పట్టుకుని వేలాడితే రెఫరీ వార్నింగ్ ఇస్తాడు, అప్పుడు ఐదు కార్డుల్లోనూ ఒక్కో పాయింటు పోతుంది. పై లెక్కలో నీలానికి ఒక్క వార్నింగ్ పడితే ముగ్గురి దగ్గరా 28-28 సమానం. అప్పుడు ఎవరు మెరుగో జడ్జీయే తేల్చాల. ఎరుపు ఆ ముగ్గురిలో ఒక్కరిని లాగినా ఫలితం తిరగబడినట్టే.

తిరుచానూరు_బెల్: బాగా అర్థమైంది. మన 68.4 అమ్మాయిని 66కి దించమంటారా?

చిత్తూరు_జాబ్: వద్దు. పారిస్ పట్టిక చూసి దించే కాలం పోయింది. 2025 లివర్‌పూల్ ప్రపంచ పోటీల్లో ఆడవాళ్ళకు 65, 70, 75 పెట్టినారు. 68.4కి 70 చక్కగా సరిపోతుంది. 65కి అంటే దాదాపు మూడున్నర కిలోలు తీయాల, అదీ రోజూ నిలబెట్టాల. ఎంట్రీ ఫారం నింపేముందు ఆ పోటీ నిబంధనల కాగితంలో బరువుల పట్టిక చూసుకోండి, పాత ఫొటోకాపీలు ఇంకా తిరుగుతున్నాయి.