గ్రహామ్ మొఫాట్ సినిమాలు ఇంకేవి చూడాలి? తెలిసినవాళ్ళు చెప్పండి

అందరికీ నమస్కారం. 1937లో వచ్చిన బ్రిటిష్ కామెడీ ‘ఓ, మిస్టర్ పోర్టర్!’ ఈ నెలలో మూడుసార్లు చూశాను. విల్ హే హీరో సరే, నా కళ్ళు మాత్రం ఆల్బర్ట్ అనే బొద్దు కుర్రాడి మీదే ఉన్నాయి. స్టేషన్ మాస్టర్‌గా హే ఎంత అరిచినా వాడి మొహంలో భయం అనేదే ఉండదు, మాటకు మాట అప్పజెబుతాడు. ఆ వేషం వేసిన గ్రహామ్ మొఫాట్‌కి అప్పటికి పదిహేడేళ్ళేనట, అంతకుముందు స్టూడియోలో కాల్ బాయ్‌గా పనిచేశాడట, అంటే నటులని షాట్‌కి పిలుచుకొచ్చే పని!

హే, ముసలి హార్‌బాటిల్‌గా మూర్ మారియట్, ఇతనూ కలిసి ‘ఆస్క్ ఎ పోలీస్‌మన్’ లాంటివి చేశారు. 1940లో హే ఈలింగ్ స్టూడియోకి వెళ్ళిపోవడంతో ఆ ముగ్గురి జట్టు విడిపోయింది. తర్వాత మొఫాట్ ఇంకో హాస్యనటుడు ఆర్థర్ ఆస్కీ సినిమాల్లో కొన్ని వేషాలు వేసి, చివరికి పబ్ నడుపుకుంటూ 1965లో నలభై ఐదేళ్ళకే పోయాడు. ఇది చదివిన రాత్రి నిజంగా బాధేసింది.

నాకు కావలసింది ఇదీ: ఆస్కీతో చేసినవాటిలో ఇతనికి కాస్త పెద్ద వేషం దేంట్లో ఉంది? పబ్ రోజుల్లో ఇచ్చిన ఇంటర్వ్యూ ఏదైనా చదివారా? ఇంగ్లీష్ సబ్‌టైటిల్స్ ఉన్న డీవీడీ దొరికితే ఇంకా మంచిది, ఎందుకంటే ఆ యాసలో సగం మాటలు నాకు అందట్లేదు, నాన్నగారికి పక్కన కూర్చుని అర్థం చెప్పాలి.