గాలిలో తేలే కొండ: మంత్రమని వదిలేయాలా, లెక్క కట్టాలా?

నల్లమబ్బు:
కల్పిత లోకం. నేలకు కిలోమీటరు ఎత్తున ఒక కొండ, కింద ఏ ఆధారమూ లేదు. లెక్కకు సులువుగా పొడవు, వెడల్పు, ఎత్తు తలా వంద మీటర్లు అనుకోండి. పైన అడవి, అంచు నుంచి జలపాతం. అది ఎలా తేలుతోందో కథలో చెప్పకూడదని నా వాదన. చెప్పగానే వింత చచ్చిపోతుంది. త్రిశంకు స్వర్గం ఎలా నిలిచిందని ఎవరైనా అడిగారా? విశ్వామిత్రుడి తపశ్శక్తి, అంతటితో సరి.

తాళపత్రం:
అడగక్కర్లేకుండానే అక్కడ చెప్పేశారండీ. ఇంద్రుడు కిందికి తోశాడు, విశ్వామిత్రుడు ఆగమన్నాడు, మనిషి తలకిందులుగా మధ్యలో ఆగాడు. దానికి తపస్సు ఖర్చయింది కూడా. సుందరకాండలో మైనాకుడి సంగతీ అంతే. ఒకప్పుడు కొండలకు రెక్కలుండేవి, ఎక్కడ మీద పడతాయోనని లోకం హడలిపోయింది, ఇంద్రుడు వజ్రాయుధంతో రెక్కలు నరికాడు. ఎగిరే కొండ అనగానే మనవాళ్ళకు ముందు తట్టింది "పడితే?" అన్న ప్రశ్నే. కారణం మంత్రమే కానివ్వండి, తర్వాత జరిగేది మాత్రం దాని పద్ధతిలో జరగాలి.

రాతిలెక్క:
ముందు కుదరనివి పక్కన పెడదాం. గ్రానైట్ ఘనపు మీటరు 2,700 కిలోలు. అంటే ఈ కొండ 27 లక్షల టన్నులు. అది పక్కకు నెట్టే గాలి నేలమట్టంలో 1,200 టన్నుల పైచిలుకు, గాలి దాన్ని పైకి ఎత్తే బలమూ అంతే. లోపల గుల్ల చేసి హైడ్రోజన్ నింపుదామంటే, ఒక్క ఘనపు మీటరు రాయిని లేపడానికి దాదాపు 2,450 ఘనపు మీటర్ల వాయువు కావాలి. అది కొండ కాదు, గాలిబుడగ. ప్యూమిస్ అనే అగ్నిపర్వతపు నురగరాయి నీటి మీద తేలుతుంది నిజమే, గాలి కంటే మాత్రం వందల రెట్లు బరువు.

అయస్కాంతం అంటారా? స్థిర అయస్కాంతాలను ఎలా పేర్చినా వస్తువు గాలిలో నిలకడగా ఆగదని ఎర్న్‌షా అనే ఇంగ్లండు శాస్త్రజ్ఞుడు 1842లోనే తేల్చాడు. అతివాహకాలకు (సూపర్ కండక్టర్లకు) ఈ అడ్డంకి లేదు గానీ వాటికి భయంకరమైన చలి కావాలి, పైన అడవి బతకదు. 1726 నాటి గలివర్ యాత్రల్లో లపూటా ద్వీపం అయస్కాంతంతోనే ఎగురుతుంది. కానీ కింది నేలలో ఫలానా ఖనిజం ఉన్నచోటే ఆ రాయి పనిచేస్తుంది, కాబట్టి ద్వీపం రాజ్యం ఎల్లలు దాటలేదు. ఆ ఒక్క షరతు వల్లే అది నమ్మశక్యంగా ఉంది.

నల్లమబ్బు:
సరే, "తేలురాయి" అనే మంత్రపు రాయి ఉందనుకుందాం. ఇక గొడవ లేదుగా?

రాతిలెక్క:
అసలు గొడవ ఇప్పుడే మొదలు. కొండ నుంచి ఊడిన పెచ్చు పడుతుందా, తేలుతుందా? ఇది తేల్చకుండా ఒక్క పేజీ కూడా రాయకండి.

రాయి మొత్తం తేలురాయే అయితే పెచ్చులూ తేలుతాయి. జనం నిచ్చెనలు వేసుకుని వచ్చి కొండను బస్తాల్లో పట్టుకుపోతారు, పదేళ్ళలో కొండ ఉండదు. లోపల ఒక గడ్డ మాత్రమే తేలురాయి అయితే అది ఎక్కడుందన్నది ప్రశ్న. పైన ఉంటే కింది రాయంతా వేలాడాలి. గ్రానైట్ నొక్కుడుకు గట్టిది, లాగుడుకు కాదు. పగులు లేని గ్రానైట్ మూడు నాలుగు వందల మీటర్ల దాకా వేలాడగలదేమో గానీ పగుళ్ళు లేని గుట్ట ఎక్కడుంది? హైదరాబాద్ చుట్టుపక్కల గుట్టలు చూడండి, అడ్డంగా నిలువుగా పగుళ్ళే. పగులు దగ్గర లాగుడు బలం సున్నా, కింది భాగం రాలిపోతుంది. పోనీ గడ్డ అడుగున పెడితే రాయి నిలుస్తుంది, కొండ బోర్లా పడుతుంది. ఎత్తే బలం బరువు కేంద్రానికి పైన ఉండాలి మరి.

నా సలహా: గ్రానైట్‌ను చీల్చుకుని నిలువుగా లేచే డోలరైట్ డైక్‌లు తెలంగాణలో ఉన్నాయి కదా, తేలురాయిని అలాంటి నల్లటి నిలువు గోడలా అడుగు నుంచి శిఖరం దాకా పెట్టండి, పై అంచున మందంగా. మిగతా రాయి దాన్ని అంటిపెట్టుకుని ఉంటుంది.

వానచుక్క:
జలపాతం గురించి ఒక్క మాట. కొండ పైభాగం హెక్టారు. ఏడాదికి 1,000 మిల్లీమీటర్ల వాన పడి, చుక్క ఆవిరి కాకుండా అంతా జారినా నిమిషానికి 19 లీటర్లు. రెండు ఇంటి కుళాయిలు తిప్పినట్టు. అదీ నేల చేరేలోపు తుంపరై గాలికి పోతుంది. సెకనుకు ఘనపు మీటరు పారాలంటే 30 చదరపు కిలోమీటర్లకు పైగా కొండ కావాలి.

అంతకంటే పెద్ద చిక్కు ఎత్తు. తేలురాయి బలం ఎక్కడైనా ఒకటే అయితే, కొండను ఫలానా ఎత్తులో ఆపేది గాలి సాంద్రత తేడా ఒక్కటే. పైకి పోయేకొద్దీ గాలి పలచబడి, ఈ పరిమాణపు కొండను అది ఎత్తే బలం కిలోమీటరుకు 110 టన్నులు తగ్గుతుంది. పది మిల్లీమీటర్ల వాన మట్టిలో ఇంకిందా, 100 టన్నులు. తూకం కుదిరే ఎత్తు 900 మీటర్లు కిందికి జారుతుంది. జాతరకు 1,500 మంది ఎక్కినా అంతే! పైగా బరువు రద్దయినా ద్రవ్యరాశి పోదు. వాన ఒక్కసారిగా కుమ్మరిస్తే కొండ ఆ తూకం దగ్గర ఆగదు, ఊయలలా దాటిపోయి, ముప్పావు గంట గడిచాక సెకనుకు అర మీటరు వేగంతో నేలను తాకుతుంది. వేగం చిన్నదే. ఆ వేగంతో దిగేది 27 లక్షల టన్నులు.

నల్లమబ్బు:
అంటే వానాకాలం కిందికి, ఎండాకాలం పైకి! ఇది బాగుందండీ, కింది ఊళ్ళవాళ్ళు కొండను చూసి దుక్కి దున్నుకుంటారు. కానీ ప్రతి వానకూ గుద్దుకుంటే నా ఊళ్ళు మిగలవే.

గాలిమోటు:
బెలూన్లవాళ్ళు 19వ శతాబ్దంలోనే దీనికి మందు కనిపెట్టారు. బుట్ట నుంచి బరువైన తాడు నేల మీద ఈడ్చుకుపోయేలా వదిలేవారు. బెలూన్ దిగితే తాడు ఎక్కువగా నేల మీద పడుకుంటుంది, ఆ మేరకు భారం తగ్గి దిగడం ఆగుతుంది. మీకు తాడెందుకు, మర్రి ఊడలు ఉన్నాయి. అన్ని ఊడల అడ్డుకోత కలిపి ఒక చదరపు మీటరు ఉంటే మీటరుకు సుమారు టన్ను. అప్పుడు ఆ 100 టన్నుల వానకు 900 బదులు వంద మీటర్ల లోపే దిగుతుంది. ఊడల మొత్తం బరువు, వెయ్యి టన్నుల పైన, మొదటి తూకంలోనే కలుపుకోండి.

తాళపత్రం:
ఊడలు నేలలో పాతుకుంటే?

గాలిమోటు:
పాతుకుంటే ఎండాకాలం కొండ పైకి లాగుతుంది, వేళ్ళు మట్టితో సహా పెళ్ళగిలి వస్తాయి. అందుకే కొసలు బండ మీద పడాలి, మట్టి మీద కాదు. కొండ కింద అర కిలోమీటరు చుట్టూ రాతి నేల పెట్టండి, ఊళ్ళను దాని అవతలికి జరపండి.