1977 అంటే ఢిల్లీ ఒక్కటేనా? దివిసీమ ఉప్పెనకి ఒక్క లైనా?

పాతపేపరు: 1977లో మన దేశంలో జరిగిన ముఖ్య ఘటనలు, మరణాలు ఒకచోట రాస్తున్నా. ఎమర్జెన్సీ ఎత్తివేత, రాయబరేలీలో ఇందిర ఓటమి, మొరార్జీ ప్రమాణం, వీటికే సగం పేజీ పట్టింది. మరణాల్లో ఫిబ్రవరి 11న పదవిలో ఉండగానే పోయిన రాష్ట్రపతి ఫక్రుద్దీన్ అలీ అహ్మద్, తర్వాత నాట్యాచార్యుడు ఉదయ్ శంకర్, హిందీ కవి సుమిత్రానందన్ పంత్. ఉప్పెనకి నవంబరు 19 కింద ఒక లైను ఇచ్చా. దేశం లెక్కలో అది చాలు అని నా ఉద్దేశం. ఏమంటారు?

లంకపిల్ల: చాలదండీ. సర్కారు లెక్కే 10,000 దగ్గర ఉంది, అంతకంటే చాలా ఎక్కువని మా వైపు ఇప్పటికీ అంటారు. మాది నాగాయలంక దగ్గర. కోతల రోజులు కదా, పై ఊళ్ల నుంచి వచ్చిన కూలీల పేర్లు ఏ రేషన్ కార్డులో ఉన్నాయని రాస్తారు అనేవాడు మా తాత. ఎవరి శవమో తెలియక గోతులు తీసి కలిపి పూడ్చేశారు, తుమ్మచెట్లకి చిక్కుకున్నవాళ్లని దించడానికే రోజులు పట్టింది, చేలకి ఉప్పు పట్టి, తాగే చెరువులు పాడై, మిగిలినవాళ్ల బతుకు ఇంకో కథ. మీ జాబితాలో మరణాలంటే ముగ్గురు పెద్దమనుషులు, మావాళ్లేమో ‘ఘటన’.

పాతపేపరు: పేర్లు తెలియకుండా మరణాల్లో ఎలా రాయను? ఎమర్జెన్సీ పోవడం దేశమంతటికీ తగిలిన విషయం, ఉప్పెన ఒక తీరానిది.

గోదారిగట్టు: దేశమంతటికీనా? ఉత్తరాదిలో కాంగ్రెస్ ఊడ్చుకుపోయిన ఆ ఎన్నికల్లోనే ఆంధ్రప్రదేశ్‌లో 42 లోక్‌సభ సీట్లకి 41 గెలిచింది గురూ. ఆ మిగిలిన ఒక్కటి నంద్యాల, జనతా తరఫున నీలం సంజీవరెడ్డి, జులైకల్లా ఆయనే పోటీ లేకుండా రాష్ట్రపతి. మనవాళ్లకి ఎమర్జెన్సీ అంత బాధ అనిపించలేదన్నమాట.

వరంగల్ వాసి: 41 సీట్లు చూపించి బాధ లేదనకండి అన్నా. గిరాయిపల్లి కాల్పులు, అదే నక్సలైట్లంటూ విద్యార్థుల్ని పోలీసులు అడవిలో కాల్చి చంపింది, 1975లో, ఎమర్జెన్సీలోనే. అడిగే దిక్కు దొరికింది 1977లోనే: ఆ ఎన్‌కౌంటర్ల నిజం తేల్చడానికి పౌరహక్కులవాళ్ల తార్కుండే కమిటీ వచ్చింది, సర్కారు భార్గవ విచారణ కమిషన్ వేసింది. ఓట్ల లెక్కలో ఇది కనపడదు. అలాగని ఉప్పెనని ఒక లైనుకి కుదించమనడం లేదు, ఆ చెల్లెలు చెప్పింది నిజం. ఉదయ్ శంకర్‌కి ఒక లైను, పదివేల మందికీ ఒక లైనే అంటే మీకే ఎబ్బెట్టుగా లేదా? పేర్లు లేకపోతే ఊళ్లు రాయండి. పాలకాయతిప్ప, సొర్లగొంది, హంసలదీవి. మరణాల కిందే రాయండి.

పాతపేపరు: ఊళ్ల వారీగా రాస్తే రేపు ప్రతి రైలు ప్రమాదానికీ అడుగుతారు, పేజీ ఏమవ్వాలి?

లంకపిల్ల: అడగనివ్వండి. పేజీకి మీరేమన్నా అద్దె కడుతున్నారా?