ఐరన్ లేడీ మన దగ్గర 'ఉక్కు మహిళ' ఎలా అయింది?

బ్రిటన్ ప్రధానిగా పనిచేసిన మార్గరెట్ థాచర్‌ను ఇంగ్లీషులో ఐరన్ లేడీ అంటారు కదా, మనం ఇనుప మహిళ అనకుండా ఉక్కు మహిళ అంటున్నామేం, అనువాదం తప్పా అని మొన్న ఇక్కడ ఒక సోదరి అడిగారు. తప్పు కాదనే నా అభిప్రాయం. కానీ ఇనుము ఉక్కుగా మారేసరికి ఒక ముఖ్యమైన సంగతి జారిపోయింది.

ఈ మాట తిట్టుగా పుట్టింది. 1976 జనవరి 19న లండన్‌లోని కెన్సింగ్టన్ టౌన్‌హాల్‌లో థాచర్ సోవియట్ యూనియన్ మీద ఘాటుగా ప్రసంగించారు. అప్పటికి ఆవిడ ప్రతిపక్ష నాయకురాలే. కన్సర్వేటివ్ పార్టీ పగ్గాలు చేతికొచ్చి ఏడాది కూడా నిండలేదు. ఐదు రోజుల తర్వాత సోవియట్ సైన్యం పత్రిక 'క్రాస్నయా జ్వెజ్దా' ఆవిడను 'జెలేజ్నయా దామా' అంది. జెలేజ్నయా అంటే ఇనుప. రష్యన్‌లో ఉక్కుకు వేరే మాట ఉంది, 'స్టాల్'. స్టాలిన్ పేరులో ఉన్నది అదే. అంటే వాళ్ళు ఎంచుకున్నది ఇనుమునే. ఆ నెలాఖరుకే థాచర్ తన నియోజకవర్గం ఫించ్లీలో మాట్లాడుతూ ఆ పేరును సంతోషంగా తన మీద వేసుకున్నారు.

తెలుగులో ఇనుముకు మంచి పేరు లేదు. ఇనుపగజ్జెల తల్లి అంటే దరిద్రదేవత. కొరుకుడు పడనివి ఇనుప గుగ్గిళ్ళు. ఇనుప సంకెళ్ళు, ఇనుప తెర సరేసరి. ఉక్కు అలా కాదు. ఉక్కు సంకల్పం, ఉక్కు నరాలు అంటాం. 'విశాఖ ఉక్కు ఆంధ్రుల హక్కు' అని 1966లో ప్రాణాలిచ్చినవాళ్ళున్నారు. పైగా పటేల్‌ను అప్పటికే 'ఉక్కు మనిషి' అనేవాళ్ళం కాబట్టి అచ్చు సిద్ధంగా ఉంది.

దానివల్ల మన చెవికి అది పొగడ్తగా మాత్రమే వినిపిస్తుంది. 1982లో అర్జెంటీనాతో ఫాక్‌లాండ్స్ యుద్ధం గెలిచాక బ్రిటన్‌లో చాలామందికీ అలాగే వినిపించింది. కానీ అదే ఏడాది జనవరిలో అక్కడ నిరుద్యోగులు 30 లక్షలు దాటారు. 1984 మార్చి నుంచి ఏడాదిపాటు బొగ్గుగనుల మూసివేతకు వ్యతిరేకంగా గని కార్మికులు సమ్మె చేసి, ఒప్పందమేదీ లేకుండానే పనిలోకి వెళ్ళారు. నేను సింగరేణి ప్రాంతంలో పెరిగాను. బొగ్గుబాయి మూతపడితే ఊరికి ఊరే ఎలా ఖాళీ అవుతుందో చూశాను. ఆ కార్మికుల ఇళ్ళలో ఆ మాట ఎలా పలికి ఉంటుందో ఊహించగలను.

వ్యాఖ్య: ఉక్కు అన్నిసార్లూ మంచిమాట కాదండీ. 'సమ్మెపై ఉక్కుపాదం' అని రాసేది మన పత్రికలేగా.

జవాబు: నిజమేనండీ, అది నాకు తట్టలేదు. అయితే మెచ్చేవాళ్ళూ తిట్టేవాళ్ళూ ఇద్దరూ వాడుకోగల మాటే మనకు దొరికిందన్నమాట. నేను పైన రాసినది కొంత దిద్దుకోవాలి.

వ్యాఖ్య: మాది ఫౌండ్రీ పని చేసే కుటుంబం. ఉక్కు కొంత వంగి మళ్ళీ నిలబడుతుంది. పోత ఇనుము వంగదు, దెబ్బ గట్టిగా పడితే పగులుతుంది. ఆవిడ చివరి రోజులు చూస్తే ఇనుమే సరిపోతుందనిపిస్తుంది.

జవాబు: ఈ కోణం నన్ను పట్టేసిందండీ. 1980 అక్టోబరులో బ్రైటన్‌లో తన పార్టీ మహాసభలో, విధానం మార్చుకోనంటూ, కావాలంటే మీరు వెనక్కి తిరగండి, ఈవిడ తిరగదు అన్నారు. తలపన్ను విషయంలోనూ తిరగలేదు. ఇంటి విలువతో పనిలేకుండా మనిషికింత అని వేసిన పన్ను అది. పోల్ టాక్స్‌కు 'తలపన్ను' చక్కగా అతుకుతుంది. 1990 మార్చి 31న లండన్ ట్రఫాల్గర్ స్క్వేర్‌లో దాని మీద అల్లర్లు జరిగాయి. నవంబరు 1న, ఐరోపా విషయంలో విభేదించి, ఏళ్ళ తరబడి పక్కనున్న మంత్రి జెఫ్రీ హౌ రాజీనామా చేశారు. 20న పార్టీ నాయకత్వం కోసం జరిగిన ఎంపీల ఓటింగులో ఆవిడకు 204, పోటీకి దిగిన హెజల్టైన్‌కు 152. మొదటి రౌండులోనే గెలవడానికి నియమం ప్రకారం కావాల్సిన ఆధిక్యానికి ఇంకో నాలుగు ఓట్లు చాలేవి. 22న తప్పుకుంటున్నానని ప్రకటించారు. మూడు ఎన్నికలు గెలిపించిన మనిషిని దించింది ప్రతిపక్షం కాదు, సొంత పార్టీవాళ్ళే. మీరన్నట్టు ఆ నవంబరు గురించి రాసేటప్పుడు మాత్రం నేను 'ఇనుప మహిళ' అనే రాస్తాను.