సముద్రం పక్కన రోడ్డు ఉండే సినిమాలు చెప్పండి, మా నాన్న కోసం

కాకినాడ కాజా:

మా నాన్న ఆర్టీసీలో డ్రైవర్‌గా చేసి రిటైరయ్యారు. ఆయనతో సినిమా చూడటం మామూలు విషయం కాదు. హీరో కారెక్కాడంటే కథ వదిలేసి చేతుల వంకే చూస్తారు. స్టీరింగ్ అటూ ఇటూ ఊపుతుంటే "రోడ్డు తిన్నగానే ఉంది కదరా, ఎందుకా తిప్పుడు" అంటారు. ఊళ్లో బయల్దేరినవాళ్లు తర్వాతి షాట్‌కే గోవా ఇసుకలో పాట పాడుతుంటే ఇంకా మంట. "డీజిల్ ఎక్కడ కొట్టించారు? రాత్రి ఎక్కడ పడుకున్నారు?" అని నన్ను అడుగుతారు, నేనేదో టికెట్ కొట్టి పంపినట్టు.

మోకాలి ఆపరేషన్ అయ్యాక ఇంటిపట్టునే ఉంటున్నారు. సాయంత్రం అయితే ఏదో ఒక సినిమా పెట్టాలి. "సముద్రం పక్కనుంచి పోయే రోడ్డు మీద తీసింది ఏదైనా ఉంటే పెట్టు, కానీ రోడ్డు చూపించాలి" అని ఆర్డరు వేశారు. జిందగీ నా మిలేగీ దొబారా చూశాం, అందులో పాత బ్యూక్ కారు బాగా నచ్చింది. దిల్ చాహతా హై కూడా అయిపోయింది. ఏ భాష అయినా పర్లేదు, సబ్‌టైటిల్స్ నేను చదివి చెప్తాను. ఇబ్బందిపెట్టే సీన్లు ఉంటే మాత్రం ముందే చెప్పండి. పక్కన కూర్చునేది నేను.

ఇంజిన్‌రూమ్ భీమిలి:

మేడమ్, మీ నాన్నగారికి సరిపోయే సినిమా నా దగ్గర ఒకటే ఉంది. ఇల్ సొర్పాసో. ఇటలీ, 1962, డైరెక్టర్ దీనో రీసీ. బ్లాక్ అండ్ వైట్.

నేను మర్చంట్ నేవీలో ఇంజనీర్ని. సముద్రం మీదే బతుకు గానీ డ్యూటీలో ఉన్నంతసేపు నాకు కనపడేవి జనరేటర్లు, పంపులు. ఒకసారి మా ఓడ ఇటలీలో లివోర్నో రేవులో ఉండగా నావికుల క్లబ్బు వ్యాన్ నడిపే పెద్దాయన మమ్మల్ని ఊరికి దక్షిణంగా తీసుకెళ్లాడు. కలఫూరియా అనే చోట ఒక పక్క కొండ, ఇంకో పక్క రాళ్ల మీద విరిగే అలలు, మధ్యలో మెలికలు తిరిగే రోడ్డు. బండి స్లో చేసి హారన్ మూడు స్వరాల్లో మోగినట్టు నోటితో ఊది, "గాస్మన్, గాస్మన్" అన్నాడు. మాకెవరికీ అర్థం కాలేదు. ఓడకి వచ్చాక మా ఇటాలియన్ చీఫ్ తన లాప్‌టాప్‌లో సినిమా పెట్టి చూపించాడు.

ఆగస్టు 15. వాళ్లకది ఫెర్రాగోస్తో అనే పెద్ద సెలవు. రోమ్ మొత్తం ఖాళీ, షాపులన్నీ మూత. బ్రూనో అనే జల్సారాయుడు (విత్తోరియో గాస్మన్) సిగరెట్ల కోసం, ఫోన్ కోసం కారేసుకుని తిరుగుతుంటాడు. కిటికీలోంచి ఒక లా స్టూడెంట్ కనపడతాడు, పేరు రొబెర్తో (జాన్ లూయీ త్రెంతిన్యా). ఫోన్ చేసుకుంటానని లోపలికొచ్చినవాడు, చదువుకుంటున్న కుర్రాణ్ని కారెక్కించుకుని పోతాడు. కారు లాన్సియా ఆరేలియా. వాళ్లు పోయే రోడ్డు పేరు కూడా ఆరేలియానే, రోమన్ల కాలం నాటిది. రోమ్ నుంచి పడమటి తీరం పట్టుకుని పైకి పోతుంది.

మీ నాన్నగారు అడిగే ప్రశ్నలన్నింటికీ ఇందులో జవాబు ఉంటుంది. ఎక్కడ ఆగారు, ఏం తిన్నారు, డబ్బులెవరిచ్చారు, అన్నీ. బ్రూనో ఏ బండినీ ముందుండనివ్వడు, సైకిల్ తొక్కేవాణ్ని కూడా ఏడిపించి పోతాడు. సముద్రం మాత్రం వెంటనే రాదు. చాలాసేపు రోడ్డు, హోటళ్లు, కొత్తగా నాలుగు డబ్బులు చేతిలో పడి కార్లు కొనుక్కున్న జనం. కస్తిల్యోన్‌చెల్లో అనే తీరపు ఊరు చేరాక బీచ్ కనపడుతుంది, అదీ కాలు పెట్టే సందు లేకుండా. ఈ సినిమా నాకు నచ్చడానికి కారణం అదే. సముద్రాన్ని పోస్టర్‌లా గోడకి తగిలించలేదు.

ఒక్క సీన్ చెప్తాను. దారిలో రొబెర్తో బంధువుల ఇంటికి పోతారు, వాడు చిన్నప్పుడు సెలవులకి వెళ్లిన ఇల్లు. బ్రూనో లోపలికి అడుగుపెట్టి నాలుగు మాటలు మాట్లాడాడో లేదో, ఆ ఇంటి అబ్బాయికి ఎవరి పోలికలు వచ్చాయో కనిపెట్టేస్తాడు. అన్నేళ్లు వచ్చిపోయిన రొబెర్తోకి అది ఎప్పుడూ తట్టలేదు. అప్పుడు వాడి మొహం చూడండి.

ముగింపు చెప్పను. ఇబ్బందిపెట్టే సీన్లు లేవు. కాకపోతే మీ నాన్నగారు కూర్చున్నచోటే బ్రేకు తొక్కుతారు, ఆ మోకాలు జాగ్రత్త.

ఇంకొకటి ఉంది, అది ఆయనతో అస్సలు పెట్టకండి. మెక్సికో సినిమా, 2001, అల్ఫోన్సో క్వారోన్ తీసిన "ఈ తు మామా తంబియెన్". మీరొక్కరే తలుపేసుకుని చూడండి. ఇద్దరు కుర్రాళ్లు, అసలు లేనే లేని బీచ్‌కి ఒక పేరు పెట్టి, ఒకావిడని కారెక్కించుకుని వహాకా తీరానికి బయల్దేరతారు. మధ్యమధ్యలో శబ్దం మొత్తం ఆగి ఒక గొంతు వినపడుతుంది. రోడ్డు పక్కన ఎప్పుడో ఎవరు చనిపోయారో, దారిలో తగిలినవాళ్లకి తర్వాత ఏమైందో చెప్పి ఊరుకుంటుంది. బీచ్‌లో వీళ్లకి పడవ నడిపి, చేపలు పెట్టిన జాలరి ఒకడుంటాడు. అక్కడ పెద్ద హోటల్ కడతారని, అతని కుటుంబం ఇల్లు ఖాళీ చేయాల్సి వస్తుందని, చివరికి అతను ఆ హోటల్లోనే ఊడ్చే పనిలో చేరతాడని, మళ్లీ చేపలు పట్టడని ఆ గొంతే చెప్తుంది. మా భీమిలి వైపు రిసార్టు బోర్డులు చూసినప్పుడల్లా నాకు అతనే గుర్తొస్తాడు.

పాత టికెట్టు:

ఇటలీ, మెక్సికో ఎందుకు బాబూ. ఆర్టీసీ మనిషికి బస్సు సినిమా పెట్టాలి. బాంబే టు గోవా, 1972. అమితాబ్ ఇంకా పెద్ద స్టార్ కాని రోజులు. మెహమూద్ కండక్టర్, అన్వర్ అలీ డ్రైవర్. డ్రైవర్ పేరు రాజేష్, కండక్టర్ పేరు ఖన్నా! అప్పుడు దేశమంతా రాజేష్ ఖన్నా గాలి, హాల్లో ఆ పేర్లకే ఈలలు పడేవి. దీనికి మూలం తమిళంలో వచ్చిన మద్రాస్ టు పాండిచ్చేరి, 1966. రెండింట్లోనూ బస్సే ఊరు.

ఇంజిన్‌రూమ్ భీమిలి:

ఒప్పుకుంటాను సార్, కానీ అందులో సముద్రం ఎక్కడ? రెండు రేవు పట్నాల మధ్య అంతా లోపలి రోడ్డే.

కోనసీమ సర్వేయర్:

మన తెలుగులో ఇలాంటిది ఎందుకు రాలేదని అడుగుతారేమో, నా లెక్క చెప్తాను. గమ్యం (2008) మంచి రోడ్డు సినిమా, కానీ దాని దారి వేరే. మనకి పొడవాటి తీరం ఉంది గానీ 16వ నంబరు హైవే మీద కూర్చుంటే చాలామటుకు కనపడేవి వరిచేలు. ఎందుకంటే మన నదులు సముద్రం దగ్గర పాయలుగా విడిపోతాయి. పాత రోడ్డు నదిని దాటడానికి వీలైన చోటు వెతుక్కుంటూ రాజమండ్రికి, బెజవాడకి లోపలికి జరిగిపోయింది. ఇటలీవాడికి ఆ గొడవ అంతగా లేదు, కొండ అంచునే దారి తొలుచుకున్నాడు.

తీరానికి దగ్గరగా పోయేది కత్తిపూడి నుంచి ఒంగోలు దాకా ఉన్న 216వ నంబరు హైవే. కాకినాడ, యానాం, అమలాపురం, బందరు, బాపట్ల, చీరాల మీదుగా వెళ్తుంది. ఎవరైనా సినిమా తీస్తే దీని మీదే తీయాలి. నర్సాపురం దగ్గర దారి తప్పించి సఖినేటిపల్లి రేవులో పంటు (బండ్లని కూడా నది దాటించే పెద్ద పడవ) ఎక్కించాలి. కారు పంటు మీదకి ఎక్కేటప్పుడు ముందు చక్రాలు పలక మీద పడి ధడాల్న చప్పుడవుతుంది, పక్కన స్కూటీ మీద చేపల బుట్ట, ఇంకో పక్క యూనిఫారం పిల్లలు. ఇద్దరు మనుషులు కోపంగా ఉన్నా గోదావరి దాటేదాకా దిగి పోలేరు. డైరెక్టర్‌కి ఇంతకన్నా ఏం కావాలి?

కాజాగారికి తెలిసే ఉంటుంది, ఉప్పాడ బీచ్ రోడ్డు కూడా. తుఫాను వచ్చినప్పుడల్లా అలలు రాళ్లు దాటి రోడ్డు కొరికేస్తాయి. కంటిన్యుటీ వాళ్లకి టెన్షనే, ఈ షెడ్యూల్‌లో ఉన్న రోడ్డు వచ్చే షెడ్యూల్‌కి ఉంటుందని గ్యారంటీ లేదు.

మలయాళంలో నీలాకాశం పచ్చకడల్ చువన్న భూమి (2013) చూడండి. దుల్కర్, సన్నీ వేన్ కేరళ నుంచి నాగాలాండ్ దాకా బుల్లెట్ల మీద పోతారు, మధ్యలో పూరీ సముద్రం వస్తుంది. పాటలు కొంచెం ఎక్కువసేపు సాగుతాయి.

కాకినాడ కాజా:

ఇల్ సొర్పాసో చూశాం అండీ. మొదటి పావుగంట సబ్‌టైటిల్స్ చదివి వినిపించాను, తర్వాత "నువ్వు ఊరుకో, నాకు తెలుస్తోంది" అన్నారు. బ్రూనో మలుపులో ఓవర్‌టేక్ చేసిన ప్రతిసారీ "వీడికి లైసెన్సు ఇచ్చిందెవరు" అని తిట్టడమే. రొబెర్తో మీద జాలిపడ్డారు గానీ, మూడో వంతు సినిమా అయ్యేసరికి తిట్లు ఆగిపోయాయి. బ్రూనో కారు ఎలా నడుపుతాడో ఆ పక్కవాడు కూడా అలాగే మారిపోతున్నాడని ముందు కనిపెట్టింది నాన్నే. "కొత్త కండక్టర్లు ఇలాగే చెడిపోతారు" అన్నారు. ముగింపు గురించి నేనూ ఇక్కడ చెప్పను. ఆయన లేచి మంచినీళ్లు తాగి, మళ్లీ ఆ చివరి మలుపు దగ్గర్నుంచి పెట్టమన్నారు. బ్రేకు ఎక్కడ వేసుండాల్సిందో నాకు వేలు పెట్టి చూపించారు.

ఉప్పాడ రోడ్డు మాట చదివి వినిపిస్తే, ఆ రూట్లో తను నడిపినప్పటి సంగతులు మొదలుపెట్టారు, ఇంకా ఆగలేదు. పాత టికెట్టుగారూ, బాంబే టు గోవాలో బస్సు లోపలి సీన్లు ఎక్కువా, రోడ్డు మీదవి ఎక్కువా? రేపటికి అదే పెడదామంటున్నారు.

పాత టికెట్టు:

లోపలివే ఎక్కువమ్మా. పకోడీల కోసం గోలపెట్టే లావుపాటి కుర్రాడు ఒకడుంటాడు, మీ నాన్నగారికి అలాంటి ప్యాసింజర్లు బోలెడుమంది తగిలి ఉంటారు. పకోడీలు వేయించి పక్కన పెట్టుకుని మరీ మొదలెట్టండి.